మందో, నీళ్ళో

ఎల్కిన్ మందుపెట్టె మీద కూర్చున్నాడు. లేవనంటున్నాడు.

అది కూర్చోవడానికి చేసిన పెట్టె కాదు. లోపల మంచుగడ్డల మధ్య సీసాలున్నాయి. పదిహేను రోజులకొకసారి మార్లెనీ ఆ పెట్టె జీపులో పెట్టుకుని కొండమీది ఇళ్ళన్నీ తిరిగి, ఎవరి నంబరున్న సీసాలోంచి వాళ్ళకి సూది వేసి వస్తుంది. నగరంలోని మెదడు పరిశోధన కేంద్రానికి ఈ కొండల్లో ఆమే నర్సు. ఈ పూట కూడా పై ఊళ్ళలో జనం చొక్కా చేతులు మడుచుకుని గుమ్మాల్లో కూర్చుని ఉంటారు. ఇక్కడేమో సొంత తమ్ముడు పెట్టె మీద బైఠాయించాడు.

"లేరా. మంచు కరుగుతోంది," అంది మార్లెనీ.

"కరగనీ."

"నా మీద కోపముంటే నన్ను తిట్టు. పైన కాచుక్కూచున్నదీ మనవాళ్ళే. వాళ్ళేం చేశారు?"

"నేను మాత్రం మనవాణ్ణి కానా? నా సీసా ఇందులోనే ఉంది. పొద్దున నువ్వు అమ్మకి స్నానం చేయిస్తుంటే మూత తీసి చూశాను. నా నంబరు నాకు తెలీదా? ముందు నాకు వెయ్యి. ఆ తర్వాత నీ పెట్టె, నీ జీపు, నీ దారి."

"స్కానింగులో బొమ్మ సరిగ్గా పడలేదని చెప్పాను కదరా. మళ్ళీ తీసేదాకా సూది ఆపమన్నారు."

"చెప్పావు. మొన్న చెప్పావు, నిన్న చెప్పావు. మూడోసారైనా నా మొహం చూసి చెప్పు."

మార్లెనీ చూడబోయింది. చూపు అతని మోకాళ్ళ దాకా వెళ్ళి అక్కడే ఆగిపోయింది.

"నిన్న ఒబ్దూలియో కలిశాడు, కాఫీ తూకం దగ్గర," అన్నాడు ఎల్కిన్. ఒబ్దూలియో వాళ్ళ మేనమామ కొడుకు. "పోయినేడు వాడి బొమ్మా చెడిపోయిందట. లోపల నిద్రపట్టేసి తల కదిల్చాడట. మళ్ళీ తీశారు. సూది మాత్రం ఒక్కసారి కూడా ఆపలేదు. వాడు నవ్వుతూ చెప్తున్నాడక్కా! నేను బస్తా దించి అక్కడే నిలబడిపోయాను. వెనక జనం తిడుతున్నా నాకు వినపడలేదు."

"ఒక్కొక్కళ్ళకి ఒక్కో పద్ధతి ఉంటుంది..."

"నీళ్ళకి ఎవడి మెదడైనా వాస్తుందా అక్కా?"

వంటింట్లో అరెపా రొట్టె తిరగేస్తున్న చప్పుడు ఆగిపోయింది.

వాపు అన్న మాట మార్లెనీ ఇంతవరకూ ఈ ఇంట్లో ఎవరితోనూ అనలేదు. అతనే అన్నాడు.

బొబేరా అంటారు ఈ కొండల్లో ఆ జబ్బుని. నలభై దాటాక మొదలవుతుంది. ముందు తాళంచెవులు మర్చిపోతారు, తర్వాత దారి, తర్వాత కన్నపిల్లల పేర్లు. తల్లికో తండ్రికో ఉంటే పిల్లల్లో సగానికి సగం మందికి వస్తుంది. ఎవరికి వస్తుందో, ఎవరిని వదిలేస్తుందో మొహం చూసి చెప్పలేరు. ఎవరి తాతమ్మో ఎవరికో చేసిన అన్యాయానికి తగిలిన శాపమని చాలాకాలం అనుకున్నారు. అది శాపం కాదు, రక్తంలో ఉన్న దోషమని నగరం నుంచి వచ్చి చెప్పినవాడు డాక్టర్ అరిస్తిసాబల్.

ఆయన మొదటిసారి చర్చి పక్క హాల్లో అందరినీ కూర్చోబెట్టినప్పుడు, ఫాదర్ గారి వంటింట్లోంచి గుప్పెడు చిక్కుడు గింజలు తెప్పించి బల్ల మీద పోశాడు.

"ఎర్రగింజలు జబ్బు రక్తంలో ఉన్నవాళ్ళనుకోండి. నల్లగింజలు లేనివాళ్ళు. ఎర్రవాళ్ళలో సగంమందికి అసలు మందు వేస్తాం, సగంమందికి ఉత్త నీళ్ళు. అప్పుడుగానీ మందు పనిచేస్తోందో లేదో తెలీదు. నల్లవాళ్ళందరికీ నీళ్ళే."

"జబ్బు లేనివాళ్ళకి సూది దండగ కాదా డాక్టరుగారూ?" అని ఎవరో అడిగారు.

ఆయన గింజలన్నీ కలిపేసి టోపీ కింద దాచేశాడు. "లేనివాళ్ళని ఇంటికి పంపించేస్తే మిగిలినవాళ్ళకి ఉందని ఊరంతటికీ తెలిసిపోదూ? అప్పుడు వాళ్ళకి పిల్లనెవరిస్తారు? పనెవరిస్తారు? అందుకని అందరూ వస్తారు, అందరికీ సూది పడుతుంది. ఎవరికేది పడుతోందో మీకూ తెలీదు, నర్సుకీ తెలీదు, నాకూ తెలీదు."

ముసలమ్మలు ఆ మాటకి తలలూపారు. పాపాలు విని కడుపులో దాచుకునే ఫాదర్ లాగే ఉన్నాడీయన, అనుకున్నారు. చేతులు చాచారు. ఎల్కిన్ చాచాడు. మార్లెనీ కూడా చాచింది. ఆమెకూ ఒక నంబరుంది. పక్క లోయ నర్సు వచ్చి ఆమెకి సూది వేసి పోతుంది.

ఆ పూటే ఆయన ఇంకో మాట కూడా అన్నాడు. అసలు మందు ఒక్కోసారి తలలో చిన్న వాపు తెస్తుందనీ, బొమ్మల్లో అది కనపడగానే కొన్నాళ్ళు మందు ఆపేస్తామనీ, భయపడొద్దనీ. రెండు మాటలూ ఒకే నోటితో చెప్పాడు. రెంటినీ పక్కపక్కన పెట్టి చూసినవాళ్ళు ఆ హాల్లో ఎవరూ లేరు.

నిన్న కాఫీ తూకం దగ్గర ఎల్కిన్ పెట్టి చూశాడు. వాపు వచ్చిందంటే పడింది అసలు మందు. అసలు మందు పడిందంటే ఆ మనిషి ఎర్రగింజ.

మార్లెనీ అంతకు రెండురోజుల ముందే పెట్టి చూసింది. ఫోన్లో డాక్టరు గొంతు తగ్గించి మాట్లాడాడు. "చిన్న వాపు. ప్రాణానికేం ఫర్వాలేదు. కానీ ఇప్పుడు ఒక్క చుక్క లోపలికి వెళ్ళినా నెత్తురు చిమ్మొచ్చు. పెట్టె అప్పటికే బయల్దేరిపోయింది, అతని సీసా వెనక్కి పంపించు. సోమవారం నేనే వచ్చి చెప్తాను. అందాకా నువ్వు నోరు విప్పకు తల్లీ."

నోరు విప్పకుండా ఉండటం చేతగాక ఆమె అబద్ధం విప్పింది.

"మార్లెనీ తల్లీ!" బయట జీపులోంచి డ్రైవరు ఎవెలియో కేకేశాడు. "వానొచ్చేలా ఉంది. మట్టిదారి తడిసిందంటే నా మాట వినదు!"

"వస్తున్నా!" అంది మార్లెనీ. కదల్లేదు.

ఎల్కిన్ చేతులు కట్టుకున్నాడు. "వెళ్ళు. పెట్టె లేకుండా వెళ్ళి వాళ్ళందరికీ ముద్దులు పెట్టి రా."

* * *

వంటింట్లో ఎల్కిన్ భార్య యెసేనియా పొయ్యి ముందు నిలబడే ఉంది. రొట్టె ఒకవైపు మాడిపోయింది. ఎత్తుగా ఉన్న కడుపు మీద ఒక చెయ్యి వేసుకుని, రెండో చేత్తో రొట్టెని తీసి పళ్ళెంలో వేసింది. మాడినవైపు కిందికి తిప్పింది.

మూలన ముక్కాలిపీట మీద లాస్తేనియా పిన్ని చిక్కుళ్ళు వలుస్తోంది. ఆవిడ అమ్మకి చెల్లెలు. అరవై దాటినా మతి సూదిమొనలా ఉంది. అంటే ఆవిడని ఆ జబ్బు వదిలేసింది. పరిశోధనలో ఆవిడ చేరలేదు, చేరనిచ్చిన వాళ్ళని తిట్టకుండా ఒక్క పూటా గడవలేదు.

"చెప్పానా లేదా? మొదటిరోజే చెప్పానా లేదా?" అందావిడ. "బతికున్నన్నాళ్ళూ మన రక్తం కావాలి వాళ్ళకి. చచ్చాక తలకాయ కావాలి. మా చిన్నన్న పోయినప్పుడు కొవ్వొత్తులు వెలిగించక ముందే వచ్చి కూచున్నారు, మెదడు చల్లారిపోతుందని. మన తలకాయల మీద వాళ్ళు పెద్దవాళ్ళయ్యారు. దేశాలు తిరిగి మన బొమ్మలు చూపించి చప్పట్లు కొట్టించుకుంటున్నారు. మందేదీ? చూపించు. ఎక్కడుంది మందు?"

"వెతుకుతున్నారు పిన్నీ. వెతక్కుండా ఎలా దొరుకుతుంది?"

"మన తలల్లోనే ఎందుకు వెతకాలి?"

"మన తలల్లోనే ఉంది కాబట్టి."

"నాకు లేదు!"

ఆ మాట అనేశాక లాస్తేనియా పిన్ని చేతులు ఆగిపోయాయి. నలుగురు తోబుట్టువుల్లో తప్పించుకున్నది ఆవిడొక్కతే. చిక్కుడు తొక్కని వేళ్ళ మధ్య నలుపుతూ కూర్చుంది.

"నాకు రాలేదని నేనేం పండగ చేసుకోలేదు," అంది చివరికి, గొంతు తగ్గించి. "మీ అమ్మకి రోజూ తల దువ్వేది నేనే."

"నిన్నెవరేమన్నారు పిన్నీ."

"ఎవరూ అనరు. అదే కదా బాధ."

యెసేనియా మంట తగ్గించి మార్లెనీ దగ్గరికి వచ్చింది. చీకట్లో పాముని చూసినదానిలా అడుగులు వేసింది. "వదినా, ఒక్కమాట."

"చెప్పు."

"మీ తమ్ముడికి లేదని చెప్పు. కార్మెన్ మాత మీద ఒట్టు వెయ్యి. అంతే. నువ్వు మాత మీద ఒట్టు వేస్తే ఆయన నమ్ముతారు. నువ్వు ఉత్తినే వేసేదానివి కాదని ఆయనకి తెలుసు."

"తెలియనిదాని మీద ఒట్టెలా వెయ్యను?"

"తెలీదా నీకు?"

మార్లెనీ పళ్ళెంలో రొట్టె వంక చూసింది.

"తెలియకపోతే ఈపాటికి వేసేసేదానివి," అంది యెసేనియా. అని, వెంటనే అరచేతులు రెండూ చెవుల మీద పెట్టుకుంది. "వద్దు. చెప్పొద్దు. నాకేం చెప్పొద్దు వదినా! నేనేమీ అడగలేదు."

కాసేపటికి చేతులు తీసింది. "హెరిబెర్తో మామయ్య సంగతి మర్చిపోయావా? రాజధానికి పోయి, డబ్బు కట్టి రక్తం చూపించుకొచ్చాడు. ఉందన్నారు. ఇంటికొచ్చి భోంచేశాడు, పళ్ళెం కడిగి బోర్లించాడు, చెప్పులు గుమ్మంలో విడిచి ఏటికి పోయాడు, మళ్ళీ రాలేదు. మీ తమ్ముడు నిన్న రాత్రి పళ్ళెం కడిగి పెట్టారు వదినా. పెళ్ళైన దగ్గర్నుంచి ఒక్కనాడు కడిగిన మనిషి కాదు."

"అయ్యో పిల్లా..."

"నేనీ బిడ్డ కావాలని ఎప్పుడూ అడగలేదు. ఆయనే అడిగారు. 'నాకు లేదని నా మనసు చెప్తోంది యెసేనియా, చాలా స్పష్టంగా చెప్తోంది' అన్నారు. ఆ మనసుని నమ్మాను నేను. ఇప్పుడాయన్ని ఒక్క అబద్ధంతో నిలబెట్టలేవా నువ్వు? పాపమైతే నాకు పంచు, నేను మోస్తాను."

"ఒకరి పాపం ఇంకొకరు మోసేది కాదమ్మా."

"మరి ఒకరి రక్తం ఇంకొకరు మోస్తున్నారుగా!" అంది యెసేనియా, కడుపు మీద చెయ్యి వేసి.

మూలన లాస్తేనియా పిన్ని మళ్ళీ చిక్కుళ్ళు వలవడం మొదలుపెట్టింది.

గోడమీద మాత పటం ముందు చిన్న దీపం వెలుగుతోంది. మార్లెనీ రోజూ దాని ముందే మోకాళ్ళూనుతుంది. ఇవాళ నిలబడే, మనసులో, తనకి చేతనైన మాటల్లో అడిగింది. అమ్మా, చావు ఎప్పుడొస్తుందో మాకు తెలియకుండా దాచింది దేవుడు. దాచబట్టే పొద్దున లేచి పొయ్యి వెలిగిస్తున్నాం. ఆ డాక్టరు కూడా దేవుణ్ణి చూసే నేర్చుకున్నాడేమో, మంచిమనసుతోనే దాచాడు. మరి దాచినదాన్ని ఇంత ఘోరంగా బయటపెట్టిందెవరు? నీకు తెలిసే జరిగిందా ఇది? తెలిసే జరిగితే నేనిప్పుడు ఏం చెయ్యాలో కూడా నీకు తెలిసే ఉండాలి. చెప్పవేం?

దీపం ఎప్పట్లాగే వెలుగుతోంది.

* * *

ఆమె తిరిగి ముందుగదిలోకి వచ్చేసరికి పెట్టె మీద ఇద్దరున్నారు.

అమ్మ బెత్సబే గదిలోంచి నడుచుకుంటూ వచ్చి కొడుకు పక్కన ఇరుక్కుని కూర్చుంది. ఒంటి మీద శుభ్రమైన గౌను, కాళ్ళకి వేరువేరు రంగుల మేజోళ్ళు. ఒళ్ళో దుప్పటి అంచు పెట్టుకుని దారాలు ఒక్కొక్కటే పీకుతోంది. ఒకప్పుడు ఈ లోయ మొత్తానికీ పెళ్ళిగౌన్లు కుట్టింది ఆ చేతులే.

"బస్సు ఎప్పుడొస్తుంది నాన్నా?" అని అడిగింది కొడుకుని. ఆమెకి అతను ఎప్పుడో పోయిన తన తండ్రి.

"వస్తుందమ్మా. కూచో."

"నా బిడ్డలు ఇంటి దగ్గరున్నారు. చిన్నవాడికి పాలు పట్టాలి."

"ఎవరా చిన్నవాడు?"

బెత్సబే ఆలోచించింది. దారం వేలికి చుట్టుకుంది, విప్పుకుంది. ఆమె ముఖంలో ఏదో దగ్గరికి వచ్చినట్టే వచ్చి పోయింది. "మంచివాడు," అంది. "ఏడవడు."

ఎల్కిన్ ఆమె చేతిని తన చేతిలోకి తీసుకున్నాడు. అక్క వచ్చి నిలబడిందని తెలుసు. తల తిప్పకుండానే మాట్లాడాడు.

"చూశావా? నాకింక పదేళ్ళు కూడా లేవు. నా కొడుకో కూతురో స్కూలుకి పోయే వయసుకి నేనిలా బస్సు కోసం కూచుంటాను. వాళ్ళని ఎవరు బాబూ మీరు అంటాను."

"అలా అనకు."

"అననక్కర్లేకుండా చెయ్యి మరి. నీ నోటితో నువ్వు చెప్పలేవు. చెప్పకూడదని నీకు రూలుంది, నాకు తెలుసు, నిన్ను ఇరకాటంలో పెట్టను. అందుకే నోటితో అడగట్లేదు." అతను అప్పటికి అక్క వైపు చూశాడు. కళ్ళు ఎర్రగా ఉన్నాయి, గొంతు మాత్రం విచిత్రంగా నెమ్మదిగా ఉంది. "బొమ్మ చెడిపోవడమే నిజమైతే ఆ సూది నాకేం చెయ్యదు. పదిహేను రోజులకోసారి వేసేదే కదా, ఇవాళా వెయ్యి. వేశావా, నువ్వు చెప్పింది నిజం. ఒబ్దూలియోని కలిసి నేనూ నవ్వుతాను. వెయ్యనన్నావా, అప్పుడు నాకు నువ్వేం చెప్పక్కర్లేదు."

"కేంద్రంవాళ్ళు ఆపమన్నాక నేనెలా వేస్తానురా? నా ఉద్యోగం..."

"అమ్మ నిన్ను నమ్మి నన్ను నీ చేతుల్లో పెట్టి కుట్టుమిషను దగ్గరికి పోయేది. అప్పుడు నీకేం ఉద్యోగముంది?"



అతను లేచాడు. తల్లిని మెల్లగా లేపి కుర్చీలో కూర్చోబెట్టాడు. పెట్టె మూత తీశాడు. మంచుపొగ కొద్దిగా పైకి వచ్చింది. అతని వేళ్ళు తడుముకోకుండా తిన్నగా తన సీసా మీదికే వెళ్ళాయి. దాన్ని తీసి అక్క అరచేతిలో పెట్టి, ఆమె వేళ్ళు తనే మూశాడు.

సీసా చల్లగా ఉంది. అందులో ఉన్నది నీళ్ళలాగే ఉంది. ఎప్పుడూ అలాగే ఉంటుంది.

వేస్తే తమ్ముడి తలలో నెత్తురు చిమ్మొచ్చు. వెయ్యకపోతే తమ్ముడు గుమ్మంలో చెప్పులు విడవొచ్చు.

"చేతులు కడుక్కుని వస్తాను," అంది మార్లెనీ.

* * *

ఆమె వంటింటి తలుపు దగ్గరగా వేసింది. సంచిలోంచి కొత్త సిరంజి తీసింది. ఆ తర్వాత ఇంకో సీసా తీసింది. పుళ్ళు కడగడానికీ, ఎండిన కళ్ళలో వెయ్యడానికీ ఎప్పుడూ తన దగ్గరుండే సెలైన్ అది. ఉప్పునీళ్ళు. పసిపిల్లకి వేసినా ఏమీ కాదు.

తమ్ముడి సీసాని గౌను జేబులో వేసుకుంది. తొడకి చల్లగా తగిలింది.

యెసేనియా చూసింది. ఒక క్షణం ఆ రెండు సీసాల వంకా, ఆడబిడ్డ ముఖం వంకా చూసింది. తర్వాత వీపు తిప్పి, కలపనక్కర్లేని చిక్కుళ్ళ కుండలో గరిటె పెట్టి కలపడం మొదలుపెట్టింది.

"గట్టిగా కలుపు," అంది లాస్తేనియా పిన్ని ఎవరివైపూ చూడకుండా. "అడుగంటుతుంది."

మార్లెనీ సూదిలోకి ఉప్పునీళ్ళు లాగింది. డాక్టరు మంచికోసం మందని చెప్పి సగంమందికి నీళ్ళు వేయించాడు. తనూ మంచికోసమే వేస్తోంది. అది పరిశోధన అయితే ఇది ఎందుకు మోసం? ఆయనకీ తనకీ తేడా ఏమిటి? ఆయన వేసేటప్పుడు ఆ నీళ్ళ సంగతి ఆయనకే తెలియదు, తనకి తెలుసు. బహుశా పాపమంతా ఆ తెలియడంలోనే ఉందేమో.

బయటికి వచ్చింది. ఎల్కిన్ చొక్కా చెయ్యి భుజం దాకా మడిచి సిద్ధంగా కూర్చున్నాడు.

"వేస్తున్నావా?" అన్నాడు. అతని ముఖంలో ఆశ పుట్టడం ఆమెకి కనిపించింది. అంత పెద్ద మనిషి ముఖం ఒక్కసారిగా చిన్నదైపోయింది.

"అటు చూడు."

"నిజంగానే వేస్తున్నావా అక్కా?"

"అటు చూడమన్నానా?"

అతను మాత పటం వైపు తిరిగాడు. మార్లెనీ దూదితో తుడిచింది. పెదవులు కదిలాయి. ఎప్పుడూ సూది వేసేటప్పుడు ఆమె ఒక 'మరియమ్మా' చెప్పుకుంటుంది. ఇవాళ అది సగంలో ఆగింది, ముందుకి పోలేదు. సూది లోపలికి దిగింది. తీసింది.

"అయిపోయింది."

ఎల్కిన్ కదలకుండా కూర్చున్నాడు. వంటింటి గుమ్మంలో యెసేనియా పళ్ళెంతో నిలబడింది. చిక్కుళ్ళ మీద అరెపా, పక్కన వేడి బెల్లంనీళ్ళు. ఆమె ముఖంలో నవ్వులాంటిదేదో ఉంది.

"తినండి. నిన్నట్నుంచి ఏమీ తినలేదు," అంది. "ఇప్పుడు చాలా? అక్కని అంత ఏడిపించారు. పెట్టె మీద కూచునే వయసా మీది?"

"ఆ బుద్ధి చిన్నప్పట్నుంచీ ఉంది వాడికి," అంది లాస్తేనియా పిన్ని వెనకనుంచి. "బడికి పోనని కోడిగంప మీద కూచునేవాడు. లోపల పెట్ట మొత్తుకుంటున్నా లేచేవాడు కాదు."

యెసేనియా నవ్వింది. బెత్సబే కూడా నవ్వింది, ఎందుకో తెలియకుండా, అందరూ నవ్వితే తనూ నవ్వే అలవాటు ఇంకా పోలేదు కాబట్టి. ఆ కాసేపూ ఆ ఇల్లు పోయిన వారం ఎలా ఉందో అలాగే ఉంది. మార్లెనీ పెట్టె మూత బిగించింది. ఇప్పుడు బయల్దేరితే వానకి ముందే పైకెక్కొచ్చు. సోమవారం డాక్టరు వచ్చాక ఆయన మాట ఆయన చెప్పుకుంటాడు. రెండురోజులు. ఈ రెండురోజులూ తమ్ముడు అన్నం తింటే చాలు.

ఎల్కిన్ పళ్ళెం అందుకోలేదు.

అతను తన భుజం వంక చూసుకుంటున్నాడు. సూది దిగినచోట వేలితో నొక్కాడు. కాస్త ఆగి మళ్ళీ నొక్కాడు.

"ఏమైంది?" అంది యెసేనియా. "నొప్పిగా ఉందా?"

"లేదు."

"మరి?"

"నొప్పి లేదు," అన్నాడు అతను. "మంట కూడా లేదు."

మార్లెనీ చేతులు పెట్టె పట్టీ మీదే ఉండిపోయాయి.

"ప్రతిసారీ మండేది అక్కా. నువ్వు సూది తియ్యగానే మొదలయ్యేది. చర్మం కింద నిప్పు పెట్టినట్టు, మోచేతి దాకా. సాయంత్రానికి గానీ తగ్గేది కాదు. సూదంటే అంతే కదా, అందరికీ అంతే కదా అనుకుని ఎప్పుడూ ఎవరికీ చెప్పలేదు. మగాణ్ణి, సూదికి మండిందని ఏం చెప్పుకుంటాను?" అతను వేలు తీసేశాడు. "ఇవాళ మండలేదు. నువ్విప్పుడు వేసింది నీళ్ళు."

అతను అక్క వైపు తిరిగాడు.

"ఇది నీళ్ళైతే, ఇన్నాళ్ళూ వేసింది నీళ్ళు కాదు."

యెసేనియా చేతిలో పళ్ళెం వంగింది. బెల్లంనీళ్ళు పొర్లి చిక్కుళ్ళలో కలిశాయి. ఆమె చూసుకోలేదు.

మార్లెనీకి ఇన్నేళ్ళుగా ఈ కొండల్లో తను సూది వేసినవాళ్ళ ముఖాలు వరసగా గుర్తొచ్చాయి. కొంతమంది పళ్ళు బిగబట్టేవాళ్ళు. కొంతమంది ఆవులు పాలిచ్చిన కబుర్లు చెప్తూనే ఉండేవాళ్ళు. ఒళ్ళు తీరు ఒక్కొక్కరిది ఒక్కోలా ఉంటుందనుకుంది. అలా అనుకోవాలని అనుకుంది. ముఖాలు చూడకుండా సూది వెయ్యడం తనకి తనే నేర్పుకుంది.

"తప్పు నీది కాదులే," అన్నాడు ఎల్కిన్. చొక్కా చెయ్యి కిందికి దించుకుని గుండీ పెట్టుకున్నాడు. ఆ నెమ్మది చూసి యెసేనియా గోడకి ఆనుకుంది. "నువ్వు నాకోసమే చేశావు. నాకు తెలుసు."

అతను లేచి అక్క ఎదురుగా వచ్చి నిలబడ్డాడు. అమ్మకి మతి తప్పడం మొదలైన వయసు ఇప్పుడు మార్లెనీది. ఆ మాట ఈ ఇంట్లో ఎవరూ పైకి అనరు. కానీ ఆమె తాళంచెవులు వెతుక్కుంటున్నప్పుడల్లా అందరూ మాటలాపి చూస్తుంటారు.

"మరి నీకో అక్కా?" అన్నాడు ఎల్కిన్. "నీకు మండుతుందా?"

మార్లెనీ చెయ్యి తనకి తెలియకుండానే తన భుజం మీదికి వెళ్ళింది. ఇన్నేళ్ళలో అక్కడ ఒక్కసారైనా మంట పుట్టలేదు. నీళ్ళే పడ్డాయంటే ఎర్రగింజైనా కావొచ్చు, నల్లగింజైనా కావొచ్చు. తమ్ముడికి తెలిసిపోయినది తనకింకా తెలియదు. ఆ తెలియకపోవడమే ఈ క్షణాన అతని ముందు దాచుకోవలసిన సంపదలా అనిపించి, ఆమెకి సిగ్గేసింది.

ఎల్కిన్ ఆమె ముఖం చూడటం లేదు. ఆ చేతినే చూస్తున్నాడు.